‘ఐవీ లీగ్ సీటు గ్యారంటీ’ ప్యాకేజీలతో జాగ్రత్త: డల్లాస్ తెలుగు తల్లిదండ్రులకు

ఫ్రిస్కో, ప్లేనో, ఇర్వింగ్ వైపు హైస్కూలు పిల్లలున్న మనవాళ్లందరికీ చెప్తున్నా. ‘ఐవీ లీగ్ (హార్వర్డ్, యేల్ లాంటి పేరున్న యూనివర్సిటీలు) సీటు గ్యారంటీ, రాకపోతే డబ్బు వాపస్’ అని ఎవరైనా ఫోన్ చేసినా, సెమినార్‌కి పిలిచినా ఒక్క డాలర్ కూడా కట్టకండి. మేం 12,000 డాలర్లు కట్టాం. సీటూ రాలేదు, డబ్బూ రాలేదు. కన్సల్టెన్సీ పేరు రాయడం లేదు. ఇదే సరుకుని రకరకాల పేర్లతో అమ్మేవాళ్లు చాలామంది ఉన్నారు, ఒక పేరు తప్పించుకుంటే ఇంకోడి దగ్గర పడతారు. అందుకే వాళ్ల పద్ధతి మొత్తం రాస్తున్నా.

ముందు ఎలా భయపెడతారో వినండి. సెమినార్ ఆదివారం పొద్దున, తెలుగులోనే. మాట్లాడే ఆయన మనవాడే, అందరినీ అక్కా, అన్నా అనే పలకరిస్తాడు. మొదటి అరగంట, అడ్మిషన్లలో ఏషియన్ పిల్లలకి అన్యాయం చేస్తోందని హార్వర్డ్ మీద వేసిన కేసు లెక్కలు స్క్రీన్ మీద చూపిస్తాడు. ఆ లెక్కలు నిజమే, అసలు చిక్కంతా అక్కడే ఉంది. 2018లో బోస్టన్ కోర్టులో విచారణ జరిగినప్పుడు హార్వర్డ్ లోపలి అడ్మిషన్ వివరాలు బయటికొచ్చాయి. ఆటల కోసం తీసుకున్న పిల్లలు, అమ్మో నాన్నో అక్కడే చదివిన లెగసీ పిల్లలు, పెద్ద విరాళాలిచ్చే కుటుంబాల వంటి డీన్ జాబితా పిల్లలు, అక్కడి ప్రొఫెసర్ల, ఉద్యోగుల పిల్లలు. సీటొచ్చిన తెల్లవాళ్లలో 43 శాతం పైగా ఈ నాలుగు గుంపుల్లోంచి వచ్చినవాళ్లే. ఏషియన్, నల్లజాతి, హిస్పానిక్ పిల్లల్లో అలాంటివాళ్లు 16 శాతం కూడా లేరు. మొత్తమ్మీద నూటికి ఆరుగురికి సీటు దొరికే చోట, లెగసీ పిల్లల్లో ప్రతి ముగ్గురిలో ఒకరికి దొరికింది. 2023 జూన్ 29న సుప్రీంకోర్టు అడ్మిషన్లలో జాతిని లెక్కలోకి తీసుకోవడాన్ని కొట్టేసింది గానీ ఈ నాలుగు గుంపుల జోలికి వెళ్లలేదు. అదే ఏడాది జులైలో ఆర్థికవేత్తలు రాజ్ చెట్టీ, డేవిడ్ డెమింగ్, జాన్ ఫ్రీడ్‌మన్ ఇంకో లెక్క తేల్చారు. కాలేజీ ప్రవేశానికి రాసే ఎస్ఏటీ పరీక్షలో మార్కులు ఒకటే అయినా, దేశంలోకెల్లా సంపన్నులైన 1 శాతం కుటుంబాల పిల్లలు ఈ పెద్ద యూనివర్సిటీల్లో చేరే అవకాశం మధ్యతరగతి పిల్లలకంటే రెట్టింపు పైనే.

ఇది చూసి కోపం రావాలి. ఆయనేమో ఆ కోపాన్ని భయం చేసి, ‘మనకెలాగూ అన్యాయమే కదక్కా, లోపలి దారి తెలిసినవాణ్ణి పట్టుకోవాలి’ అంటాడు. హాల్లో అందరూ తలూపుతారు. ఆ మాట దగ్గరే మీరు ఆగాలి. లెగసీ అవ్వాలంటే మనం అక్కడ చదివుండాలి. డీన్ జాబితాకి ఎక్కాలంటే కోట్లు ఉండాలి. ఈ రెండూ అమ్మడానికి కన్సల్టెంట్ చేతిలో ఏమీ లేదు.

నిజంగా గ్యారంటీ అమ్మినవాడు ఒకడున్నాడు, కాలిఫోర్నియాలోని అడ్మిషన్ కన్సల్టెంట్ రిక్ సింగర్. మార్కులతో వెళ్తే ముందు తలుపు, విరాళంతో వెళ్తే వెనక తలుపు, తన దగ్గర ఉన్నది ‘పక్క తలుపు’ అని చెప్పుకునేవాడు. కోచ్‌లకి లంచాలిచ్చి ఆడని పిల్లల్ని ఆటగాళ్లుగా చూపించాడు, వేరేవాళ్ల చేత పరీక్షలు రాయించాడు, జవాబులు దిద్దించాడు. 2019 మార్చి 12న కేసు బయటపడింది. కూతురి ఎస్ఏటీ జవాబులు దిద్దించడానికి 15,000 డాలర్లిచ్చిన నటి ఫెలిసిటీ హఫ్‌మన్‌కి 14 రోజుల జైలు పడింది. ఇద్దరు కూతుళ్లని పడవ పందేల క్రీడాకారిణులుగా చూపించి యూనివర్సిటీ ఆఫ్ సదర్న్ కాలిఫోర్నియాలో చేర్చడానికి 5 లక్షల డాలర్లిచ్చిన నటి లోరీ లాఫ్లిన్ దంపతులూ జైలుకెళ్లారు. సింగర్‌కి 2023 జనవరిలో మూడున్నరేళ్లు వేశారు. కాబట్టి ఎవరైనా గ్యారంటీ అన్నారంటే అది అబద్ధమైనా అవ్వాలి, నేరమైనా అవ్వాలి. ఇక్కడి కౌన్సెలర్ల సంఘం ఐఈసీఏ తన సభ్యుల్ని అడ్మిషన్ గ్యారంటీ ఇవ్వనే కూడదంటుంది.

ఇక కాంట్రాక్టు. ఫోన్లో ‘ఐవీ’ అన్నది కాగితం మీదికొచ్చేసరికి ‘టాప్ 60లో ఏదో ఒక యూనివర్సిటీ’ అయింది. ఆ జాబితా ఖరారు చేసేది వాళ్లే. డబ్బు వాపస్ కావాలంటే కన్సల్టెంట్ చేసిన ప్రతి సిఫారసునీ విద్యార్థి పూర్తిచేసి ఉండాలి. ఒక్కటి కాదన్నా గ్యారంటీ రద్దు. బ్యాంకు ఖాతా నుంచి నేరుగా డబ్బు పంపే జెల్ (Zelle)లో కడితే కాస్త తగ్గిస్తామన్నారు, జెల్‌లోనే కట్టాం. క్రెడిట్ కార్డయితే బ్యాంకుకి ఫిర్యాదు చేసి డబ్బు ఆపించడానికి ఒక దారి ఉండేది. తగ్గింపు ఇచ్చేది అందుకే.

మొదటి సిఫారసు, కూచిపూడి మానెయ్యాలని. మా అమ్మాయి ఆరేళ్లప్పటి నుంచి నేర్చుకుంటోంది. ‘కూచిపూడి, పియానో, స్పెల్లింగ్ బీ ఉంటే ఫైలు చూడగానే ఏషియన్ అని తెలిసిపోతుంది, ఫెన్సింగ్‌లో వేయండి’ అన్నారు. ఫెన్సింగ్ క్లబ్ కూడా వాళ్లు చెప్పిందే. ఏషియన్ పిల్లలకి హార్వర్డ్‌లో వ్యక్తిత్వానికి వేసే రేటింగ్ తక్కువ వచ్చిందని కోర్టులో తేలిన మాట నిజం. దానికి మందు పిల్ల తన ఒంట్లోని తెలుగుదనాన్ని దాచుకోవడమా? తర్వాత సమ్మర్ ప్రోగ్రామ్. పేరున్న క్యాంపస్‌లో రెండు వారాలకి వేల డాలర్లు. నిజానికి అది క్యాంపస్ గదుల్ని అద్దెకి తీసుకున్న బయటి కంపెనీ. అడ్మిషన్ ఆఫీసులు నిజంగా గౌరవించే ఎంఐటీలోని ఆర్ఎస్ఐ అనే సైన్స్ పరిశోధన సమ్మర్ ప్రోగ్రామ్‌కి, టెల్యూరైడ్ సంస్థ సమ్మర్ సెమినార్లకి ఎంపికైతే ప్రోగ్రామ్ ఫీజు ఉండదు. ఆ రెండిటి పేరు ఆయన నోట ఎప్పుడూ రాలేదు.

అన్నిటికంటే ఘోరం ఎస్సే. దరఖాస్తుతో పంపే, 650 పదాలు మించని సొంత వ్యాసం. మా అమ్మాయి అమ్మమ్మ మీద రాసింది. మా అమ్మ తెనాలిలో హెడ్‌మిస్ట్రెస్‌గా రిటైరైంది, సాయంత్రాలు అరుగు మీద పిల్లల్ని కూర్చోబెట్టి లెక్కలు చెప్పేది. వాళ్లు ‘పాలిష్’ చేసి పంపిన డ్రాఫ్టులో మా అమ్మ చదువు రాని వ్యవసాయ కూలీ. మిరపతోటలో పనిచేసి చేతులు మండుతుంటే మనవరాలు చూసి ఏడ్చిందట, ఆ కన్నీళ్లే తనని డాక్టరవ్వాలనిపించాయట. పిల్ల ల్యాప్‌టాప్ నా ముందు పెట్టి, ‘అమ్మా, ఇది అమ్మమ్మ కాదు, నేను పంపను’ అంది. ఫోన్ చేస్తే ఆయన, ‘ఎవరు చూడొచ్చారక్కా, కష్టం కనపడితేనే కదా కనికరిస్తారు’ అన్నాడు.

మనం ఫ్రిస్కోలో సొంతింట్లో ఉంటున్నాం. మంచి స్కూళ్లు, ట్యూషన్లు, కారు అన్నీ ఉన్నాయి. మిరపతోటలో చేతులు మండిన అవ్వ మనవరాలు నిజంగా ఎక్కడో ఉంది, ఆమె కూడా అప్లై చేస్తుంది. ఉన్న కథని వదిలి ఆ పిల్ల కథని డబ్బిచ్చి కొనుక్కుని పంపితే, లెగసీ వాళ్లని ఏ నోటితో అంటాం? పైగా చాలా కాలేజీలకి పంపే కామన్ యాప్ అనే ఆన్‌లైన్ దరఖాస్తులో, ఉన్నదంతా నిజమని, రాసింది తానేనని పిల్లే సంతకం చేస్తుంది. తర్వాత బయటపడితే సీటు తీసేస్తారు. 2024లో పెన్సిల్వేనియాలోని లీహై యూనివర్సిటీలో ఇండియా నుంచి వచ్చిన ఒక విద్యార్థి దొంగ కాగితాలతో సీటు తెచ్చుకున్నాడని తేలింది. బతికున్న తండ్రి పేరు మీద మరణ ధ్రువపత్రం కూడా పెట్టాడు. అరెస్టయి, సీటు పోయి, తిరిగి వెళ్లిపోవాల్సొచ్చింది. కన్సల్టెంట్ సంతకం ఎక్కడా ఉండదు.

పిల్ల తన ఎస్సేనే పంపింది. ‘సిఫారసు పాటించలేదు’ అని వాళ్లు గ్యారంటీ రద్దు చేశారు. పంపిన ఐవీల్లో ఏదీ రాలేదు. ర్యాంకు మీద యూటీ ఆస్టిన్ వచ్చింది, అడిగిన కంప్యూటర్ సైన్స్ కాకుండా మ్యాథ్స్‌లో. కూచిపూడి మానలేదు.

యూటీ సంగతి అందరికీ తెలియాలి. టెక్సస్‌లో 1997 చట్టం ప్రకారం స్కూల్లో పై ర్యాంకు పిల్లలకి ప్రభుత్వ యూనివర్సిటీల్లో సీటు దానంతటదే వస్తుంది. యూటీ ఆస్టిన్‌కి ఆ హద్దు 6 శాతంగా ఉండేది, 2026 ఫాల్ నుంచి 5 శాతం. సీటు యూనివర్సిటీకే, కోరిన మేజర్‌కి కాదు, ఆ తేడా ముందే తెలుసుకోండి. టెక్సస్ ఏ అండ్ ఎం 2004లోనే లెగసీని తీసేసింది. ఎంఐటీ లెగసీ చూడదు, జాన్స్ హాప్కిన్స్ మానేసింది. కాలిఫోర్నియా 2024లో చట్టం చేసి ప్రైవేటు కాలేజీల్లో కూడా నిషేధించింది. ఏ కాలేజీ దేనికి విలువిస్తుందో ఎవరినీ అడగక్కర్లేదు. కాలేజీ పేరు కొట్టి ‘కామన్ డేటా సెట్’ అని వెతకండి, అందులో సీ7 అనే పట్టిక చూడండి. మార్కులు, ఎస్సే, లెగసీ, ఒక్కోదానికీ ఎంత ప్రాధాన్యమో కాలేజీయే టిక్కు పెట్టి చెప్తుంది. సెమినార్‌లో 12,000 డాలర్లకి అమ్మిన ‘లోపలి రహస్యం’లో సగం ఆ ఒక్క పేజీలో ఉంది.

హైదరాబాద్, విజయవాడ నుంచి పంపించే బంధువులుంటే వాళ్లకి ఇంకో ముక్క చెప్పండి. బయటి దేశపు పిల్లలు ఫీజు సాయం అడిగినా అడ్మిషన్‌లో అది అడ్డు రాని కాలేజీలు చాలా కొద్ది. హార్వర్డ్, యేల్, ప్రిన్స్‌టన్, ఎంఐటీ, ఆమ్‌హెర్స్ట్, డార్ట్‌మత్ వాటిలో ఉన్నాయి. మిగతా చాలాచోట్ల సాయం అడిగితే అవకాశం తగ్గుతుంది. ఆ విషయం చెప్పకుండా ఇరవై కాలేజీల ప్యాకేజీ అమ్మితే అనుమానించండి. ఏ కాలేజీ నుంచి కమిషన్ తీసుకుంటున్నారో కాగితం మీద రాయించుకోండి.

ఇప్పటికే కట్టేసినవాళ్లు: క్రెడిట్ కార్డు మీద కట్టుంటే స్టేట్‌మెంట్ వచ్చిన 60 రోజుల్లోపు బ్యాంకుకి రాతపూర్వకంగా ఫిర్యాదు చెయ్యండి. టెక్సస్ అటార్నీ జనరల్ ఆఫీసులో వినియోగదారుల విభాగానికీ, ఫెడరల్ ట్రేడ్ కమిషన్ (ఎఫ్‌టీసీ)కీ ఆన్‌లైన్‌లో ఫిర్యాదు ఉచితం, మేం రెండూ చేశాం. ‘మా గురించి చెడుగా రాయకూడదు’ అన్న షరతు చూసి భయపడకండి, ముందే అచ్చేసి పెట్టుకున్న కాంట్రాక్టుల్లో అలాంటి షరతు 2016 నాటి ఫెడరల్ చట్టం ప్రకారం చెల్లదు. ఇంకా సంతకం పెట్టనివాళ్లు కాంట్రాక్టులో పేర్లు కొట్టేసి నాకు మెసేజ్ చెయ్యండి, వాపస్ షరతు ఎక్కడ దాచారో కలిసి చూద్దాం.