నాటక రచన నేర్చుకోవాలంటే ఏది మేలు: యూనివర్సిటీయా, పరిషత్ సమాజమా, పుస్తకాలా?

కథలు రాసేవాళ్లు, షార్ట్ ఫిల్ములకు మాటలు రాసేవాళ్లు తరచూ అడిగే ప్రశ్న ఒకటుంది. "నాటకం రాయాలని ఉందండీ, ఎక్కడ నేర్చుకోవాలి?" తెలుగులో ఇందుకు ముఖ్యంగా మూడు దారులున్నాయి. యూనివర్సిటీలో థియేటర్ ఆర్ట్స్ కోర్సు చేయడం, పరిషత్ పోటీలకు, అంటే ఊళ్లలో జరిగే నాటక పోటీలకు, నాటికలు (చిన్న నాటకాలు) ఆడే ఏదో ఒక నాటక సమాజంలో చేరడం, ఇంట్లో కూర్చుని మంచి నాటకాలు చదువుతూ సొంతంగా రాసుకోవడం. నా ఓటు సమాజానికే. అయితే ఆ దారిలో ఒక పెద్ద చిక్కు ఉంది, దాన్ని దాచకుండా చెబుతాను.

ముందు యూనివర్సిటీ సంగతి. హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలోని సరోజినీ నాయుడు స్కూల్లో థియేటర్ ఆర్ట్స్ విభాగం రెండేళ్ల పీజీ కోర్సు నడుపుతోంది. విశాఖలో ఆంధ్ర విశ్వవిద్యాలయం, హైదరాబాద్‌లో తెలుగు విశ్వవిద్యాలయం కూడా రంగస్థల కళలు నేర్పుతాయి. ఇంకా దూరం వెళ్లగలిగితే 1959లో మొదలైన ఢిల్లీ నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామా ఉంది, అక్కడ మూడేళ్ల చదువు. వీటన్నిటిలోనూ బరువంతా నటన, దర్శకత్వం, రంగాలంకరణ, లైటింగ్ మీదే ఉంటుంది. రచన అందులో ఒక భాగం మాత్రమే. రచయిత కావాలని వెళ్లినవాళ్లకు మొదట్లో ఇది నిరాశగానే ఉంటుంది.

కానీ ఆ చదువులో రచయితకు పనికొచ్చేది చాలా ఉంది. "అర్ధరాత్రి. జోరున వాన. పాడుబడ్డ బంగళా" అని రాసేయడానికి అర నిమిషం చాలు. సెట్ వేసేవాడి పక్కన నిలబడితేగానీ ఆ మూడు ముక్కల బరువు తెలియదు. వాన కనిపించాలా, వినిపిస్తే చాలా? బంగళా పాడుబడిందని గోడలు చెప్పాలా, పాత్ర కుర్చీ మీద దుమ్ము దులుపుకుని కూర్చుంటే సరిపోతుందా? ఇలాంటి ప్రశ్నలు రోజూ చెవిన పడేవాడి రాత తనంతట తానే మారిపోతుంది. పైగా ఇబ్సెన్, చెకోవ్, బ్రెష్ట్ లాంటి యూరప్ రచయితల నాటకాలు చదవడమే కాకుండా, క్లాసులో వాటిని విప్పి చూసి, ఆడి చూసే వీలు అక్కడ దొరుకుతుంది. అది బయట దొరకడం కష్టం. ఉద్యోగం, ఇల్లు, పిల్లలు ఉన్నవాళ్లకు రెండేళ్లు పూర్తిగా వదిలి వెళ్లడం కుదరదన్నదే అసలు ఇబ్బంది.

ఇక సమాజం. గుంటూరు, ప్రకాశం, గోదావరి జిల్లాల్లో, విశాఖలో, హైదరాబాద్‌లో నాటక సమాజాలు ఇప్పటికీ గట్టిగానే పనిచేస్తున్నాయి. 1929లో తెనాలిలో ఆంధ్ర నాటక కళా పరిషత్తు పుట్టినప్పటి నుంచీ పరిషత్ పోటీలు మన నాటకానికి ఊపిరి. బ్యాంకు ఉద్యోగులు, టీచర్లు, చిన్న వ్యాపారులు సాయంత్రం పని ముగించుకుని ఏ స్కూలు గదిలోనో, ఎవరి మేడ మీదో రిహార్సల్ వేస్తారు. రచయిత ఆ గదిలో ఒక మూల కూర్చోగలిగితే చాలు, సగం విద్య అక్కడే వస్తుంది.

ఎలాగో ఒక ఉదాహరణతో చెబుతాను. అప్పుల వల్ల ఇల్లు అమ్మిన తండ్రి, పెళ్లి కావలసిన కూతురు. కొత్త రచయిత రాసుకొచ్చిన ప్రతిలో కూతురి డైలాగు ఇలా ఉంది: "నాన్నా, ఈ ఇంటిని అమ్మేయాలని మీరు తీసుకున్న నిర్ణయం మా అందరి మనసుల్నీ తీవ్రంగా గాయపరిచింది." కాగితం మీద తప్పేమీ లేదు. రిహార్సల్లో ఆ అమ్మాయి మూడుసార్లు చెప్పి చూసి ఆగిపోయింది. "ఇది నోట్లో పలకట్లేదు సార్" అంది. దర్శకుడు ఆమె చేతికి చీపురిచ్చి, అరుగు ఊడుస్తూ మాట్లాడమన్నాడు. రచయిత కాసేపు చూసి కొత్త లైను రాశాడు: "అరుగు కూడా రాసిచ్చేశారా నాన్నా?" తండ్రి పాత్రధారి జవాబు చెప్పకుండా అరుగు మీంచి లేచి నిలబడ్డాడు, తనది కాని చోట కూర్చున్నవాడిలా. ఆ లేవడం ప్రతిలో లేదు. మర్నాడు చేరింది. గాయం అన్న మాట పోయింది, గాయం కనిపించింది. ఏ పాఠ్యపుస్తకమూ ఇంత తొందరగా ఈ సంగతి నేర్పలేదు.

రెండో లాభం, ఒకే నాటికను ఊరూరా ఆడటం. ఒక ఊళ్లో చప్పట్లు పడ్డ చోట ఇంకో ఊళ్లో నిశ్శబ్దం. ఎక్కడ ప్రేక్షకులు కుర్చీల్లో కదులుతున్నారో, ఎక్కడ పక్కవాళ్లతో మాట్లాడుకుంటున్నారో వెనక వరసలో నిలబడి చూస్తే తెలిసిపోతుంది. వచ్చే ప్రదర్శనకు రెండు పేజీలు కోసేయవచ్చు. గురజాడ అంతటివాడికే ఈ అవసరం పడింది. కన్యాశుల్కం 1892లో విజయనగరంలో రంగం మీదికెక్కింది, 1897లో అచ్చయింది, ఆ తర్వాత దాదాపు తిరగరాసిన కూర్పు 1909లో వచ్చింది. మనం ఇవాళ నెత్తిన పెట్టుకుంటున్నది ఆ రెండో కూర్పునే.

ఇప్పుడు చిక్కు. పరిషత్ నాటిక రచయితకు ఒక అచ్చు అలవాటు చేస్తుంది. గంట లోపు అయిపోవాలి, ఒకటే సెట్, పాత్రలు అయిదారుకు మించకూడదు. పోటీకి వెళ్లే ఖర్చంతా సమాజమే పెట్టుకోవాలి. నటీమణులు దొరకడం కష్టం, దొరికినా పారితోషికం, ప్రయాణం, బస చూసుకోవాలి. అందుకని "స్త్రీ పాత్ర ఒక్కటే ఉండేలా రాయండి" అని రచయితకు ముందే చెప్పేస్తారు. దాంతో మన నాటికల్లో ఇంటికొక ఆడమనిషే ఉంటుంది. తల్లి పోయి ఉంటుంది, లేకపోతే అక్క ఊళ్లో ఉండదు. ఇద్దరు ఆడవాళ్లు తమలో తాము మాట్లాడుకునే సన్నివేశమే కరువు. ఇది కళకు సంబంధించిన నిర్ణయం కాదు, బడ్జెట్ తీసుకున్న నిర్ణయం.

దానికి తోడు న్యాయనిర్ణేతల భయం. ఆఖరి అయిదు నిమిషాల్లో ముఖ్యపాత్ర ముందుకొచ్చి, తోటి పాత్రల్ని వదిలేసి, ప్రేక్షకుల వైపు తిరిగి సమాజానికి సందేశం ఇవ్వాలన్నది అలిఖిత నియమం అయిపోయింది. రైతు ఆత్మహత్యల మీద రాసినా, వృద్ధాశ్రమాల మీద రాసినా ముగింపు ఒకేలా మోగుతుంది. చప్పట్లు పడతాయి కాబట్టి మళ్లీ అదే రాయాలనిపిస్తుంది. నాలుగైదేళ్లు ఇందులోనే ఉంటే, గంట దాటిన నాటకాన్ని నిలబెట్టే బలం చేతికి రాదు. ఈ ఒక్క విషయంలో యూనివర్సిటీ కచ్చితంగా మెరుగు. అక్కడ బహుమతి లేదు, అందుకని చప్పట్ల కోసం రాయాల్సిన పని లేదు.

మూడో దారి, పుస్తకాలు. దీనికి పెద్ద డబ్బు అక్కర్లేదు, ఎవరి అనుమతీ అక్కర్లేదు. కన్యాశుల్కం రెండు కూర్పులూ పక్కపక్కన పెట్టుకుని చదవడం కంటే మంచి పాఠం తెలుగులో ఇంకొకటి లేదని నా గట్టి నమ్మకం. 1909 కూర్పు మొదలు చూడండి. బొంకుల దిబ్బ దగ్గర గిరీశం ఒంటరిగా నిలబడి తనలో తాను మాట్లాడుకుంటాడు. సామాను కొంటానని పూటకూళ్లమ్మ దగ్గర ఇరవై రూపాయలు తీసుకుని వేశ్యకు ఖర్చు పెట్టేశాడు, అది బయటపడింది, ఇక ఊళ్లో ఉండటం కష్టం. నాలుగు మాటల్లో మనిషి ఎలాంటివాడో, ఏ ఇరకాటంలో ఉన్నాడో, ఇప్పుడెందుకు కదలాలో అన్నీ తెలిసిపోయాయి. అంతలో వెంకటేశం వస్తాడు, ఊరు దాటే దారి దొరుకుతుంది. మొదటి సీనులో పాత్రల పూర్వకథ చెప్పడానికి తంటాలు పడే ప్రతి రచయితా ఈ పేజీని చేత్తో ఎత్తి రాసుకోవాలి.

నాట్యశాస్త్రం చెప్పిన అయిదు సంధులు, అంటే కథ నడకలోని దశలు, ముఖం నుంచి నిర్వహణ దాకా, ఒకసారి తెలుసుకుంటే మంచిదే. వాటిని పట్టుకుని రాయడానికి కూర్చుంటే మాత్రం కలం కదలదు. రాసిన తర్వాత, కథ మధ్యలో ఎక్కడ జారిందో వెతుక్కోవడానికి పనికొస్తాయి.

పుస్తకాల దారిలో లోటు ఒక్కటే, కానీ పెద్దది. మన మాట మనకు ఎప్పుడూ బాగానే వినిపిస్తుంది. ఇంకొకరి నోట్లో అది ఎక్కడ తడబడుతుందో ఇంట్లో కూర్చుంటే తెలియదు. సమాజాలు అందుబాటులో లేనివాళ్లు, అంటే బెంగళూరులోనో డాలస్‌లోనో ఉన్నవాళ్లు, నలుగురు స్నేహితుల్ని వీడియో కాల్‌లో కూర్చోబెట్టి పాత్రలు పంచి చదివించుకోవచ్చు. ఒక షరతు మాత్రం పెట్టుకోండి. రచయిత ఏ పాత్రా చదవకూడదు, మధ్యలో వివరణ ఇవ్వకూడదు. రేడియో నాటిక రాయడం కూడా చెవికి మంచి సాధనే, కానీ అరుగు మీంచి లేచి నిలబడ్డ తండ్రిని అది చూపించలేదు.

డిగ్రీ అయిపోయి ఇంకా ఉద్యోగంలో చిక్కుకోని ఇరవైల వయసు వాళ్లకైతే యూనివర్సిటీకే వెళ్లమంటాను, సెలవుల్లో సొంత జిల్లాలో పరిషత్తులు చూడమంటాను. ఉద్యోగం చేసుకుంటూ రాయాలనుకునేవాళ్లు ముందు సమాజంలోకి వెళ్లాలి. మీరు రాసిన ప్రతిని చంకన పెట్టుకుని వెళ్లకండి. మొదటి నాటిక తయారయ్యేదాకా ప్రాంప్టింగ్ చేయండి, అంటే నటులు మరిచిపోయిన మాటలు పక్క నుంచి అందించండి. మిగతావాళ్ల డైలాగులన్నీ పూర్తిగా వినాల్సింది ప్రాంప్టరే కాబట్టి, రచయితకు అంతకంటే మంచి కుర్చీ లేదు. మూడో నాటిక తర్వాత పోటీకి పనికిరానిది ఒకటి, గంటన్నరదో రెండు గంటలదో, ఆడవాళ్లు నలుగురున్నది, పట్టుబట్టి రాయండి.

రాయాలనుకునే ఆడవాళ్లకు ఈ లెక్క అంత తేలికగా కుదరదు. రిహార్సళ్లు రాత్రి పది, పదకొండు దాకా సాగుతాయి, ఇంటికి వెళ్లే బస్సు ఉండదు, ఇంట్లో ఒప్పుకోరు. పరిషత్తుల్లో రచయిత్రులు ఇంత తక్కువగా ఉండటానికి ప్రతిభ కారణం కాదు, రిహార్సల్ టైము కారణం. దీన్ని సరిదిద్దాల్సింది సమాజాలే. ఆదివారం పొద్దున పది గంటలకు రీడింగ్ పెడితే కొత్తగా ఖర్చేమీ అవదు. మీ ఊళ్లో సమాజం నడిపే పెద్దాయన ఎవరో కనుక్కుని, మొదటి రోజే ఈ మాట అడగండి. ఒప్పుకుంటే, మరో ఇద్దరు ఆడవాళ్లను వెంటబెట్టుకుని వెళ్లండి.