రాత్రిపూట మామూలు మనిషి: వెంట ఇంటికి వెళ్ళాలా, ఒకేచోట కాపు కాయాలా?

పొద్దుగూకాక మామూలు జనం ఎలా గడుపుతారో ఒక ఎపిసోడ్‌గా తీయాలంటే, జపాన్ టీవీలో రెండు దారులున్నాయి.

టీవీ టోక్యోలో 2014లో మొదలైన కార్యక్రమంలో, ఆఖరి రైలు తప్పినవాళ్ళను ఆపి అడుగుతారు: "టాక్సీ డబ్బులు మేమిస్తాం, మీ ఇంటికి రావచ్చా?" జపాన్ ప్రభుత్వ రంగ ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కే వాళ్ళ 'డాక్యుమెంట్ 72 అవర్స్' మాత్రం ఒకేచోట మూడు రోజులు కాపు కాస్తుంది.

ఖర్చు: మొదటిదానికి టాక్సీ చార్జీ, చిన్న కెమెరా. రెండోదానికి మూడు పగళ్ళూ రాత్రులూ వంతులవారీగా మనుషులు.

శ్రమ: అక్కడ 'వద్దు' అనిపించుకుంటూ తిరగాలి. ఇక్కడ ఓపిగ్గా కూర్చోవాలి.

రిస్కు: నాకు భయమంతా మొదటిదానితోనే. గుమ్మంలో చెప్పులు, సింకులో గిన్నెలు, గోడమీద పోయినవాళ్ళ ఫొటో... అన్నీ కెమెరాకు చిక్కుతాయి. అర్ధరాత్రి మందు మీద చెప్పిన 'సరే'ను నేను ఒప్పుకోను. తెల్లారాక మళ్ళీ అడగాల్సిందే. రెండోదానిలో మనిషి తనకు ఇష్టమైనంతే చెప్పి వెళ్ళిపోతాడు.

అలాగని అది పైపైన తేలిపోదు. ఉత్తర జపాన్‌లోని అకితా రేవు దగ్గర ఉడాన్ నూడుల్స్ అమ్మే పాత మెషీన్ ముందు, నడి చలికాలంలో తీసిన ఎపిసోడే చూడండి. వేడి గిన్నె పట్టుకుని నిలబడ్డ మనిషి రెండు ముక్కలు మాట్లాడితే చాలు, అతని సాయంత్రం మొత్తం అర్థమవుతుంది.

ఒకే మనిషి కథ లోతుగా కావాలి, మర్నాడు తిరిగి అనుమతి అడిగే తీరిక ఉంది అంటే ఇంటికి వెళ్ళండి. ఊరి రాత్రి కావాలంటే, హైదరాబాద్‌లోనైనా సరే, ఒక బస్‌స్టాండు టీ కొట్టు ఎంచుకుని కూర్చోండి.