‘ది ఎక్స్‌పాన్స్’ రివ్యూ: షోహ్రే అగ్దాష్‌లూ కోసం చూడండి

‘ది ఎక్స్‌పాన్స్’ చూడాలా వద్దా అని ఎవరడిగినా నా జవాబు ఒక్కటే: చూడండి. స్పేస్‌షిప్పులు, గ్రహాల మధ్య యుద్ధాలు మీకు అస్సలు పడకపోయినా సరే, అందులో షోహ్రే అగ్దాష్‌లూ అనే ఒకావిడ ఉంది, ఆవిడ కోసం చూడండి. ప్రైమ్ వీడియోలో ఆరు సీజన్లు, మొత్తం 62 ఎపిసోడ్లు. ఈ సిరీస్ గురించి బోలెడుమంది రాశారు గానీ, ఎక్కువగా గ్రావిటీని ఎంత కరెక్ట్‌గా చూపించారు, షిప్పు స్పీడు తగ్గాలంటే వెనక్కి తిరిగి ఇంజన్ ఎలా మండించాలి లాంటివే రాశారు. అవన్నీ నిజంగా బాగుంటాయి, కాదనను. కానీ ఈవిడ అక్కడ ఏం చేస్తోందో, అక్కడిదాకా ఏ దారిన వచ్చిందో తెలిసి చూస్తే ఇదే సిరీస్ వేరేగా కనిపిస్తుంది, అందుకే ఇది రాస్తున్నాను.

కథ రెండు ముక్కల్లో చెప్తాను. కొన్ని వందల ఏళ్ల తర్వాతి కాలం. భూమి మొత్తం ఐక్యరాజ్యసమితి పాలనలో ఉంటుంది, మార్స్ విడిపోయి సొంత సైన్యంతో సొంత దేశం అయిపోయింది, ఈ రెంటికీ నీళ్లూ ఖనిజాలూ తవ్వి పంపే ఆస్టరాయిడ్ బెల్ట్ జనం మాత్రం ఇద్దరి చేతుల్లోనూ నలిగిపోతుంటారు. భూమి తరఫున తెర వెనక చక్రం తిప్పే పెద్దావిడ పేరు క్రిస్జెన్ అవసరాల. అవును, చూడగానే మనకి అవసరాల శ్రీనివాస్ గుర్తొచ్చే ఆ ఇంటిపేరే. ఈ సిరీస్‌కి మూలమైన నవలల్లోనే ఆవిడ భారతీయ మూలాలున్న మనిషి. ఆ నవలలు జేమ్స్ ఎస్.ఎ. కోరే పేరుతో డేనియల్ అబ్రహాం, టై ఫ్రాంక్ అని ఇద్దరు కలిసి రాసినవి. నవలల్లో ఈ పాత్ర రెండో పుస్తకంలో గానీ రాదు. సిరీస్ తీసినవాళ్లు మొదటి ఎపిసోడ్‌లోకే తెచ్చేశారు, వాళ్లు చేసిన మంచి పనుల్లో ఇదొకటి.

ఆ మొదటి ఎపిసోడ్‌లో ఒక సీన్ ఉంది. బెల్ట్‌లో పుట్టి పెరిగినవాళ్ల ఎముకలు తక్కువ గ్రావిటీకి అలవాటు పడి ఉంటాయి, అలాంటివాణ్ణి భూమి మీదకి తెస్తే వాడి బరువే వాణ్ణి నలిపేస్తుంది. ఒకణ్ణి పట్టుకొచ్చి కొక్కేలకి తగిలించి వేలాడదీస్తారు. కొట్టక్కర్లేదు, కరెంటు పెట్టక్కర్లేదు, అలా ఉంచితే చాలు. అవసరాల ఖరీదైన బట్టల్లో, మెడ నిండా నగలతో నింపాదిగా వచ్చి వాడితో మాట్లాడుతుంది. గొంతు పెంచదు. వాడి ముఖంలోకి కన్నార్పకుండా చూస్తూ అడగాల్సింది అడుగుతుంది, అంతే. అంతకుముందే ఆవిణ్ణి మనవడితో ఆడుకునే మనిషిగా చూసి ఉంటాం కదా, ఇప్పుడు ఈ మనిషి మంచిదా చెడ్డదా అని మనం తేల్చుకోలేం. అలా తేలకుండా ఆరు సీజన్లు నిలబెట్టడం మామూలు విషయం కాదు.

ఇక ఆ గొంతు. ఇసుక కలిసినట్టు బొంగురుగా, లోతుగా ఉంటుంది, మాట చివర్లో ఒక్కోసారి గుసగుసలోకి దిగిపోతుంది, అయినా ఒక్క అక్షరం మింగదు. స్టేజి మీద చివరి వరుసదాకా వినపడేలా మాట్లాడి మాట్లాడి అలవాటైనవాళ్లకి మైకు ముందు నెమ్మదిగా మాట్లాడే ధైర్యం ఉంటుందని నాకెప్పుడూ అనిపిస్తుంది, ఈవిడ విషయంలో అదే కనిపిస్తుంది. అందుకే ఏ భాషలో డబ్బింగ్ దొరికినా దాని జోలికి వెళ్లకండి. ఇంగ్లిష్ ఆడియో పెట్టుకుని, సబ్‌టైటిల్స్ ఆన్ చేసుకుని చూడండి. బెల్టర్ల కోసం ప్రత్యేకంగా ఒక భాషే తయారు చేయించారు కాబట్టి సబ్‌టైటిల్స్ ఎలాగూ కావాలి.

చీరల సంగతి అడుగుతారని తెలుసు. అవి చీరలే అనలేం, చీరని చూసి డిజైన్ చేసిన డ్రెస్సులు. భుజం మీదుగా పైటలా పడే బట్ట ఉంటుంది గానీ కట్టు మన కట్టు కాదు. మొదట్లో నాకూ కాస్త ఎబ్బెట్టుగానే అనిపించింది. కానీ వందల ఏళ్ల తర్వాత కూడా చీర ఇలాగే ఉండాలని రూలేం లేదు, పైగా ఆవిడ వాటిని వేసుకుని నడిచే తీరు చూస్తే అది పుట్టినప్పట్నుంచీ ఉన్న అలవాటులా ఉంటుంది. యాస మాత్రం భారతీయ యాస కాదు, పక్కా పర్షియన్ యాస. అది లోపం అనేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను, ఎందుకో తెలియాలంటే ఆవిడ వెనకటి కథ చెప్పాలి.

షోహ్రే 1952లో ఇరాన్ రాజధాని టెహ్రాన్‌లో పుట్టింది. ఇరవైల్లోనే అక్కడ నాటకాలు, ఆ తర్వాత సినిమాలు. 1976లో మొహమ్మద్ రెజా అస్లానీ తీసిన ‘చెస్ ఆఫ్ ది విండ్’, 1977లో అబ్బాస్ కియరొస్తమీ తీసిన ‘ది రిపోర్ట్’. కియరొస్తమీని ప్రపంచం నెత్తిన పెట్టుకోవడానికి చాలా ముందు మాట ఇది. ‘చెస్ ఆఫ్ ది విండ్’లో ఆవిడ చక్రాల కుర్చీలో ఉండే ఒక ఇంటి వారసురాలికి పనిమనిషి. పాత బంగళా, కొవ్వొత్తుల వెలుగు, ఆస్తి కోసం ఒకరినొకరు పీక్కుతినే మనుషులు, వాళ్ల మధ్య ఈ పిల్ల చూపుతోనే సగం సినిమా నడుపుతుంది. 1979లో ఇరాన్‌లో ఇస్లామిక్ విప్లవం వచ్చాక ఆ సినిమాని నిషేధించారు, కాపీలు కూడా పోయాయనే అనుకున్నారు. చివరికి ఎన్నో ఏళ్ల తర్వాత టెహ్రాన్‌లో పాత సామాన్లు అమ్మే షాపులో నెగటివ్‌లు దర్శకుడి కుటుంబానికి దొరికాయి, వాటిని బాగుచేయించి 2020లో మళ్లీ బయటికి తెచ్చారు. అంటే ఆవిడ ఇరవై నాలుగేళ్ల వయసులో చేసిన పనిని ప్రపంచం సరిగ్గా చూసేసరికి ఆవిడకి అరవై ఎనిమిది.

ఆ 1979లోనే, విప్లవం రోజుల్లో, ఆవిడ కారులో దేశం దాటింది. తుర్కియే, యూరప్ మీదుగా లండన్ చేరింది. ఇరవై ఏడు నిండలేదు. భర్త, పేరున్న చిత్రకారుడు ఐదీన్ అగ్దాష్‌లూ, ఇరాన్‌లోనే ఉండిపోయాడు, ఆ పెళ్లి అక్కడితో ముగిసింది. కియరొస్తమీ సినిమాలో హీరోయిన్‌గా చేసిన మనిషి లండన్‌లో మళ్లీ స్టూడెంట్ అయి అంతర్జాతీయ సంబంధాలు చదువుకుంది. నటన వదిలేసినట్టే. ఆ తర్వాత హూషంగ్ తోజీ రాసిన నాటకంలో వేషం కోసం లాస్ ఏంజెలెస్ వెళ్లి, ఆయన్నే పెళ్లి చేసుకుని, అమెరికాలోనూ బయటా ఇరానీలు ఎక్కడెక్కడ ఉన్నారో అక్కడికల్లా పర్షియన్ నాటకాలు తీసుకెళ్లి ఆడింది. తమలాగే ఇల్లూ ఊరూ వదిలేసి వచ్చినవాళ్లే ఆ నాటకాలకి ప్రేక్షకులు. దేశం పోయినా భాషని పోనివ్వకపోవడం అంటే ఇదే, దీనికి ఏ అవార్డులూ రావు.

హాలీవుడ్ ఆవిణ్ణి పట్టించుకునేసరికి 2003. ‘హౌస్ ఆఫ్ శాండ్ అండ్ ఫాగ్’లో బెన్ కింగ్స్‌లీ భార్య నాదీ పాత్ర. కింగ్స్‌లీ ఒకప్పటి ఇరాన్ కల్నల్, ఇప్పుడు అమెరికాలో రోడ్డు పనులకి వెళ్తూ, ఇంటికొచ్చే ముందు సూటు మార్చుకునే మనిషి. అతని భార్యకి ఇంగ్లిష్ సరిగా రాదు, బయట ఏం జరుగుతోందో సగమే అర్థమవుతుంది. మేకు దిగి కాలికి గాయమైన పరాయి అమ్మాయిని ఇంట్లోకి తీసుకొచ్చి కట్టుకట్టే సీన్ ఒకటుంది, ఈ అమ్మాయి వల్లే తమ ఇల్లు పోబోతోందని నాదీకి తెలియదు. మాటలు తక్కువ, చేతులే నటిస్తాయి. ఆ పాత్రకి ఆస్కార్ నామినేషన్ వచ్చింది, అప్పటికి ఆవిడకి యాభై ఒక్కటి. మన సినిమాల్లో ఆ వయసుకి హీరో అమ్మ వేషాలు కూడా తగ్గిపోయి ఉంటాయి.

నామినేషన్ తర్వాత రాజమార్గం ఏం తెరుచుకోలేదు. 2005లో ‘24’ అనే అమెరికన్ టీవీ సిరీస్ నాలుగో సీజన్‌లో దీనా అరాజ్: లాస్ ఏంజెలెస్‌లో మామూలు సంసారంలా కనిపించే టెర్రరిస్టు కుటుంబంలో తల్లి. కొడుకు గర్ల్‌ఫ్రెండ్‌కి టీలో విషం కలిపి ఇస్తుంది. ఈ సీజన్ మీద అమెరికాలోని ముస్లిం సంస్థలు గట్టిగానే అభ్యంతరం చెప్పాయి, హీరో కీఫర్ సదర్లాండ్‌తోనే ఛానెల్ ఒక వివరణ ప్రకటన వేయించాల్సి వచ్చింది. ఆ కోపంలో న్యాయం ఉందనే నేననుకుంటాను. అయినా ఆ పాత్రలో ఆవిడ పెట్టిన ప్రాణం వేరే, రాసినవాళ్లు టెర్రరిస్టుని రాస్తే ఆవిడ తల్లిని చేసింది. 2008లో నాలుగు భాగాల ‘హౌస్ ఆఫ్ సద్దాం’లో సద్దాం భార్య సాజిదా, దానికి 2009లో టీవీ నటులకిచ్చే ఎమ్మీ అవార్డు వచ్చింది. 2012లో మళ్లీ స్టేజి: లండన్ అల్మేడా థియేటర్‌లో స్పానిష్ రచయిత లోర్కా నాటకం ‘ది హౌస్ ఆఫ్ బెర్నార్డా ఆల్బా’ని ఇరాన్‌కి మార్చి ఆడితే అందులో బెర్నార్డా ఆవిడే.

ఇప్పుడు యాస దగ్గరికొస్తాను. నాదీ, దీనా, సాజిదా, మూడూ గొప్పగా చేసింది, కానీ మూడింటిలోనూ ఆవిడ యాస ఒక సమాచారం. నోరు తెరవగానే ఈ మనిషి ఎక్కణ్ణించి వచ్చింది, ఆవిణ్ణి చూసి భయపడాలా జాలిపడాలా అన్నది ప్రేక్షకులకి తేలిపోవాలి, అందుకే ఆవిణ్ణి పెట్టుకున్నారు. అవసరాల విషయంలో ఆ ప్రశ్నే ఎవరూ వేయరు. ఆవిడ భూమి తరఫున మాట్లాడుతుంది, అంతే. మూడు ప్రపంచాల్లో ఎవడూ ‘మీదే ఊరమ్మా’ అని అడగడు. దేశం వదిలి వచ్చిన నటికి ఇంతకంటే పెద్ద వేషం ఏముంటుంది? భారతీయ పాత్ర భారతీయ నటికి ఇచ్చి ఉండొచ్చు కదా అనే వాదన నాకు అర్థమవుతుంది, కొట్టిపారేయను. కానీ ముప్పై ఏళ్లకి పైగా యాసని మోసుకుని తిరిగిన మనిషికి, ఆ యాస గురించి సంజాయిషీ ఇచ్చుకోనక్కర్లేని పాత్ర దొరకడం చూస్తే నాకు మాత్రం కడుపు నిండినట్టయింది.

ఆవిడ బెస్ట్ ఎక్కడ అంటే, ఫ్రాంకీ ఆడమ్స్ చేసిన బాబీ డ్రేపర్ పక్కన. బాబీ మార్స్ సైనికురాలు, రెండో సీజన్‌లో వస్తుంది, ఎత్తుగా బలంగా ముక్కుసూటిగా ఉంటుంది. అవసరాల పొట్టి, తెలివి, నోరు. మొదట బాబీని వాడుకోవాలనే చూస్తుంది, పోనుపోనూ ఒకరికొకరు దిక్కవుతారు. మూడో సీజన్ మొదట్లో ఇద్దరూ ఒక చిన్న రేసింగ్ షిప్‌లో ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని పారిపోతుంటే, ఆ స్పీడుకి అవసరాల ఒళ్లు తట్టుకోలేక విలవిల్లాడిపోతుంది. నగలూ డాబూ ఏవీ లేవు, సీటుకి అతుక్కుపోయిన పెద్దావిడ, అయినా నోరు ఆగదు. అన్నట్టు ఆ నోరు చాలా పెద్దది, బూతులు ధారాళంగా వస్తాయి, ముఖ్యంగా నాలుగో సీజన్ నుంచి. పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకుని చూడకండి.

లోపాలు లేవని కాదు. మొదటి సీజన్‌లో ఆవిడ కథ మిగతా కథకి దూరంగా ఆఫీసు గదుల్లోనే తిరుగుతుంది, ఈవిడకీ ఆ షిప్పులోవాళ్లకీ సంబంధం ఏంటో అర్థంకాక చాలామంది అక్కడే ఆపేస్తారు. నాలుగో ఎపిసోడ్ దాకా ఓపిక పట్టండి, అక్కణ్ణించి పట్టు దొరుకుతుంది. నాలుగో సీజన్‌లో ఎన్నికల కథ పలచగా ఉంది, అంత తెలివైన మనిషి చేత అన్ని తప్పటడుగులు వేయించడం నాకు నచ్చలేదు. భర్త అర్జున్‌గా వేసే నటుడు కూడా ఆ సీజన్‌లో మారిపోతాడు, ఆ దాంపత్యంలో అప్పటిదాకా ఉన్న చనువు కొంత తగ్గింది. ఆరో సీజన్ ఆరే ఎపిసోడ్లు, ఆదరాబాదరాగా చుట్టేశారు. 2018లో సైఫై ఛానెల్ మూడు సీజన్లకే ఆపేస్తే, అభిమానులు అమెజాన్ స్టూడియో మీద విమానంతో బ్యానర్ ఎగరేయించి మరీ బతికించుకున్న సిరీస్ ఇది, దానికి ఇంకో నాలుగు ఎపిసోడ్లు ఇచ్చి ఉంటే ఏం పోయేది?

అయినా నా ఓటు గట్టిగా ‘చూడండి’ అనే. ఇది అయ్యాక ‘హౌస్ ఆఫ్ శాండ్ అండ్ ఫాగ్’ చూడండి, మనసు బరువెక్కుతుంది కాబట్టి సెలవురోజు పెట్టుకోండి. ‘చెస్ ఆఫ్ ది విండ్’ పాత క్లాసిక్ సినిమాల్ని డిస్కుల మీద అమ్మే క్రైటీరియన్ వాళ్ల వరల్డ్ సినిమా ప్రాజెక్ట్ నాలుగో బాక్స్ సెట్‌లో ఉంది, అదే సెట్‌లో మన ఉదయ్ శంకర్ ‘కల్పన’ కూడా ఉంది, కొనగలిగితే రెండు విధాలా లాభమే. కేవలం ఆ గొంతు చాలనుకునేవాళ్లకి నెట్‌ఫ్లిక్స్‌లో 2024లో వచ్చిన ‘డామ్సెల్’ ఉంది, అందులో డ్రాగన్‌కి గొంతు ఆవిడదే. సినిమా సోసోగా ఉంటుంది, డ్రాగన్ మాట్లాడే సీన్లు మాత్రం హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వినండి.