జాగ్రత్త: కోట్‌పాడ్ చీర కొనే ముందు తిరగేసి చూడండి

పోయిన నెల విశాఖపట్నంలో ఒక చేనేత ప్రదర్శనలో ‘అసలైన కోట్‌పాడ్’ అన్న చీరకు 7,800 రూపాయలు పోశాను. ఇంటికొచ్చి చన్నీళ్లలో జాడించానో లేదో, బకెట్ నిండా గులాబీ రంగు! చీరలోని తెల్లని భాగమంతా మరకలు. ఫోను చేస్తే, “చేనేత అన్నాక రంగు దిగడం మామూలేనండీ, ఉప్పునీళ్లలో నానబెట్టండి” అన్నాడు అమ్మినాయన. రెండోసారి ఫోను ఎత్తనే లేదు.

కోట్‌పాడ్ మనకు మరీ దూరమేమీ కాదు, పక్కనున్న ఒడిశాలో, కోరాపుట్ జిల్లాలో ఉంది. అక్కడి మిర్గన్ నేతగాళ్లు చుట్టుపక్కల ఆదివాసుల కోసం తరతరాలుగా నేస్తూ వచ్చిన బట్ట ఇది. దాని ఎరుపు ‘ఆల్’ చెట్టు వేరు బెరడు నుంచి వస్తుంది. మన తొగరు చెట్టు జాతిదే. ముందు నూలును ఆముదం, పేడ, బూడిదనీళ్లతో రోజుల తరబడి పదును చేస్తారు, ఆ తరువాతే రంగులో ఉడికిస్తారు. అంత చాకిరీతో పట్టించిన రంగు ఒక్క జాడింపుకే బకెట్లోకి దిగిపోతుందా?

అనుమానంతో చీర తిరగేశాను. పీత, చేప, శంఖం బొమ్మలు పైన ముదురుగా, వెనక వెలవెలబోతూ ఉన్నాయి. పైట చివర బొమ్మ ఉన్నచోట ఒక పోగు లాగితే, ఒకే పోగు కాస్త ఎరుపు, కాస్త తెలుపు! రంగేసిన నూలుతో బొమ్మను నేస్తే ఆ పోగు ఈ చివర నుంచి ఆ చివరకు ఒకే రంగులో ఉండాలి. నేను కొన్నది అచ్చు వేసిన బట్ట.

మీరు దుకాణంలోనే వెనకవైపు చూడండి. తడి చేసిన తెల్ల రుమాలుతో అంచు మీద రుద్దనివ్వమని అడగండి, ఒప్పుకోకపోతే లేచి వచ్చేయండి. సంప్రదాయ కోట్‌పాడ్‌లో కనిపించేవి రంగేయని నూలు తెలుపు, ఎరుపు, ముదురు గోధుమ, నలుపు రంగులే. హ్యాండ్లూమ్ మార్క్ చీటీ ఉన్నా అది మగ్గం మీద నేసిందని చెబుతుంది గానీ చెట్టు రంగని చెప్పదు. కోట్‌పాడ్‌కు 2005లోనే భౌగోళిక గుర్తింపు (జీఐ) వచ్చింది, అంటే ఆ పేరు అక్కడి బట్టకే చెందుతుంది, కనుక బిల్లు మీద ‘కోట్‌పాడ్’ అని రాయించుకోండి. నా బిల్లులో ‘కాటన్ చీర’ అని మాత్రమే ఉంది. అది చూసుకోకుండా డబ్బు కట్టడం నా తెలివితక్కువతనం.

వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫిర్యాదు చేశాను. ఆ బిల్లుతో ఏం తేలుతుందో చూడాలి. చీర మాత్రం పారేయలేదు. కోట్‌పాడ్ కొంటామన్న వాళ్లందరికీ దాని వెనకవైపు చూపిస్తున్నాను.