ఇసినోఫిల్స్ పెరిగితే: అలర్జీ, పురుగులా? రక్తం జబ్బా?

అనంతపురంలో రక్తపరీక్ష రిపోర్టు చూసి టెన్షన్ పడేవాళ్లకు ముందు ఒక మాట. ఇసినోఫిల్స్ అంటే ఒక రకం తెల్ల రక్తకణాలు. అవి మైక్రోలీటరు రక్తానికి 500 దాటితే ఎక్కువే, కానీ చాలాసార్లు కారణం అలర్జీ, ఉబ్బసం, లేదా చెప్పుల్లేకుండా చేలో తిరిగితే పట్టే కొంకిపురుగులు. వాటికి మందు పడితే సంఖ్య దిగుతుంది.

రెండో కారణం రక్తం జబ్బు, హైపర్ ఇసినోఫిలిక్ సిండ్రోమ్, అరుదు. నాకు భయం దీని గురించే. సంఖ్య 1500 పైనే నిలిచిపోయి, ఆ కణాలే గుండె, ఊపిరితిత్తులు, నరాలను దెబ్బతీస్తాయి. గుండెలో రక్తపు గడ్డలు కట్టొచ్చు. అందుకే ఎకో (గుండె స్కాన్), ఎముక మజ్జ, జన్యు పరీక్షలు అడుగుతారు. పీడీజీఎఫ్ఆర్ఏ జన్యువులో మార్పు ఉంటే ఇమాటినిబ్ మాత్ర బాగా పనిచేస్తుంది.

స్టెరాయిడ్లు మాత్రం సొంతంగా వేసుకోకండి. ఒంట్లో స్ట్రాంగిలాయిడిస్ అనే పేగు పురుగు ఉంటే స్టెరాయిడ్ల వల్ల ప్రాణం మీదికే వస్తుంది. ఆయాసం, ఛాతీనొప్పి ఉంటే అదే రోజు ఆసుపత్రికి వెళ్లండి.