అన్నా లెటెన్‌స్కా వెంట: ప్రాగ్ నుంచి మౌథౌజెన్ దాకా

చెక్ టాకీలు మొదలైన దశాబ్దంలో పనిమనిషిగానో, నోరు ఊరుకోని పొరుగింటి ఆవిడగానో తెర మీద కనబడి జనాన్ని నవ్వించిన నటి అన్నా లెటెన్‌స్కా. 1904లో ప్ల్జెన్ సమీపంలోని నీర్‌జానిలో పుట్టి, ప్రాగ్‌లోని వినోహ్రాది నాటకశాలలోనూ, 1939 నుంచి జాతీయ నాటకశాలలోనూ నటించిన ఈమె పేరు ఆ దేశం బయట తెలిసినవారు అరుదు. ఆమె బతికిన, బందీగా ఉన్న చోట్లు చూడాలని ఐదు రోజులు కేటాయించుకొని వెళ్లాను.

బస వినోహ్రాదిలోనే తీసుకున్నాను. గది ఇరుకు, లిఫ్టు లేదు. అన్నీ కలిపి కట్టించుకున్నాక నగర పన్ను అంటూ మళ్లీ వసూలు చేయడం బాధ కలిగించింది. అయినా నామేస్తీ మీరు మెట్రో స్టేషను, నాటకశాల నడక దూరంలో ఉండటం వల్ల ఆ బస నాకు నచ్చింది. ఆ పేటలోనే ఆమె పేరిట ఒక వీధి ఉంది. ఎర్ర రేకు మీద తెల్లని అక్షరాలతో ఉన్న ఆ పేరుపలక కింద నేను చాలాసేపు నిలబడ్డాను.

1929లో నగరానికి శబ్దచిత్రాన్ని పరిచయం చేసిన లుత్సెర్నా థియేటరులో ఇప్పటికీ సినిమాలు ఆడుతున్నాయి. ఒక సాయంత్రానికి అది చాలు. రెస్లోవా వీధిలోని చర్చి నేలమాళిగకు మాత్రం ఒక పూట పూర్తిగా కేటాయించాలి, సోమవారం మూసి ఉంటుంది. నాజీ అధికారి హైడ్రిక్ మీద దాడి చేసిన పారాట్రూపర్లు 1942 జూన్ 18న చివరిదాకా పోరాడింది అక్కడే; గోడకు తూటాల గుంటలు అలాగే ఉన్నాయి. వారిలో గాయపడిన యాన్ కుబిష్‌కు వైద్యం చేసిన డాక్టరుకు లెటెన్‌స్కా భర్త సాయపడ్డాడు. ఆ నేరానికి ఆమెనూ పట్టుకున్నారు. అయితే సగంలో ఉన్న హాస్యచిత్రం ముగిసేదాకా ఆగి, సెప్టెంబరులో తీసుకువెళ్లారు. భర్త చెరలో ఉండగా కెమెరా ముందు నవ్వించిన ఆ వారాలను తలచుకుంటే నాకు గొంతు పూడుకుపోతుంది.

ప్రాగ్‌కు ఉత్తరాన సుమారు 60 కిలోమీటర్ల దూరంలోని తెరెజీన్ చిన్న కోటకు హోలెషోవిత్సె నుంచి బస్సు ఉంది. ఆమెను ఆస్ట్రియాలోని నాజీ నిర్బంధ శిబిరం మౌథౌజెన్‌కు పంపే ముందు ఉంచిన చెర ఇదే. దీన్నీ చర్చినీ ఒకే రోజు పెట్టుకోవద్దు, మనసు తట్టుకోదు.

మౌథౌజెన్‌కు లింజ్‌లో బస చేసి వెళ్లడమే మంచిది. రైల్వే స్టేషను నుంచి స్మారకం దాకా నాలుగైదు కిలోమీటర్ల ఎత్తు దారి, పెద్దవాళ్లుంటే ట్యాక్సీ తప్పదు. ప్రవేశం ఉచితం. రాతి గనిలోకి దిగే 186 మెట్లను పై నుంచి చూసి, 81 వేలకు పైగా మృతుల పేర్లున్న గదికి వెళ్లాను. పారాట్రూపర్లకు అండగా నిలిచినవారిని, వారి బంధువులను 250 మందికి పైగా 1942 అక్టోబరు 24న ఇక్కడే కాల్చి చంపారు, వైద్యపరీక్ష అని నమ్మించి, ఒక్కొక్కరిగా. వారిలో లెటెన్‌స్కా ఉంది. ఆమె ఆఖరి సినిమా డిసెంబరులో విడుదలైంది.