బొగ్గు మసి అంటిన బ్రిటన్: ‘ద రోడ్ టు విగన్ పియర్’

బ్రిటన్ అంటే లండన్, ప్యాలెస్, టీ కప్పులు అనుకునేవాళ్లు జార్జ్ ఆర్వెల్ రాసిన ఈ పుస్తకం ఒకసారి చదవాలి. 1936లో ఉత్తర ఇంగ్లండ్‌లోని విగన్, బార్న్‌స్లీ, షెఫీల్డ్ ఊళ్లు తిరిగి, కార్మికుల ఇళ్లలోనూ చవక లాడ్జింగుల్లోనూ ఉండి రాశాడు, 1937లో వచ్చింది. మొదట్లోనే బోటి అమ్మే కొట్టు పైన ఒక అద్దెగది ఉంటుంది, ఓనరు కోసిచ్చే బ్రెడ్డు మీద ఎప్పుడూ నల్లటి బొటనవేలి ముద్ర. అది చదివాక ఆ పూట నాకు టిఫిన్ సయించలేదు.

అసలు సరుకంతా గని గురించి రాసిన చోట ఉంది. బొగ్గు తవ్వే చోటికి చేరాలంటే భూమి కింద ఒక్కోసారి మూడు మైళ్లు కూడా నడుం వంచుకుని పోవాలి, పోనీ ఆ నడకకి కూలీ ఇస్తారా అంటే అదీ లేదు, తవ్వినదానికే డబ్బులు. ఇక మీన్స్ టెస్ట్ అని ఒకటి, అంటే ఇంటి మొత్తం ఆదాయం లెక్కగట్టడం, ఇంట్లో పెన్షన్ వచ్చే ముసలాయన ఉంటే కొడుక్కొచ్చే నిరుద్యోగ భృతి కోసేస్తారు, దాంతో ఆయన వేరే గది వెతుక్కోవాల్సిందే. రేషన్ కార్డు కోసం మన దగ్గర కాపురాలు విడగొట్టి చూపించడం గుర్తొచ్చింది.

రెండో సగం నాకంతగా ఎక్కలేదు. సోషలిస్టుల మీద వెటకారం మరీ ఎక్కువ, పబ్లిషర్ విక్టర్ గొలాంజే ఒప్పుకోలేక ముందుమాటలో అభ్యంతరాలు రాసుకున్నాడు.

నేను ఆన్‌లైన్‌లో కొన్న చవక ప్రతిలో అక్షరాలు చీమల్లా ఉన్నాయి, మొదటి ముద్రణలోని ఫొటోలు ఒక్కటీ లేవు. కాస్త ఎక్కువైనా ఫొటోలున్నదే తీసుకోండి.